మూడో కోరిక

బోరన్‌బాయ్ మావయ్య నన్ను ఎప్పుడూ కొట్టలేదు. చిన్నప్పుడు నేను ఆయన ట్రాలీబస్సు టికెట్ల చుట్ట మొత్తం విప్పి కుక్కకి చుట్టినప్పుడు కూడా కొట్టలేదు. మేనకోడలిని కొట్టిన మేనమామ చెయ్యి జీవితాంతం వణుకుతుందని మావాళ్ళ నమ్మకం. ఆ నమ్మకం ఇంట్లో ఉన్నంతవరకూ నాకేమీ అభ్యంతరం లేదు. అది ఆట బల్ల మీదకి వచ్చి కూర్చున్నాకే నాకు ఒళ్ళు మండడం మొదలైంది.

ఆట పేరు నాలుగు దిక్కులు, పేకలాంటి ముక్కల ఆట. నలుగురు కూర్చుంటారు, ఎవరి ముక్కల కట్ట వాళ్ళు తెచ్చుకుంటారు, ఒక్కొక్కరికి నలభై ప్రాణాలు. మృగాల ముక్కల్ని ముందు నిలువుగా పెట్టుకుంటాం. నిలువుగా ఉన్న మృగం కాపలా కాస్తుంది. దాడికి పంపితే అడ్డంగా తిప్పాలి, ఇక మళ్ళీ మన వంతు వచ్చేదాకా అది లేవదు. చివరికి ఎవరు ప్రాణాలతో మిగిలితే వాళ్ళదే గెలుపు. వీటన్నిటికీ మించిన నియమం ఇంకొకటుంది: ఎవరి ముక్క వాళ్ళదే. బల్ల దగ్గర నుంచి లేచినవాడు తన ముక్కలన్నిటినీ తనతో తీసుకుపోతాడు, అవి అప్పటికి ఎవరి చేతికింద ఉన్నా సరే.

అల్మాతీలో చెప్పులు కుట్టే కొట్టు కింద, నేలమాళిగలో, లజ్జత్ అక్క నడిపే దుకాణంలో పన్నెండేళ్ళుగా ప్రతి ఆదివారం ఆడుతున్నాం. పన్నెండేళ్ళలో మావయ్య నామీదకి ఒక్క కుందేలునైనా పంపలేదు. మిగతా ఇద్దరినీ చీల్చి చెండాడతాడు, నా దగ్గరకొచ్చేసరికి గొంతు సవరించుకుని "వంతు అయింది" అంటాడు. అందుకని నేను గెలిచిన ప్రతిసారీ దుకాణంలో ఒకటే మాట: "మేనమామ పెట్టిన గెలుపు." నేను పళ్ళసెట్లు చేసి బతికే మనిషిని, వెంట్రుకవాసి తేడా వస్తే ముసలావిడ చిగురు పుండవుతుందని తెలిసి పనిచేసే మనిషిని. నా గెలుపుని ఎవడో దానం పెట్టాడంటే ఎలా ఊరుకుంటాను?

ఈ ఏడాది నగరం ఫైనల్ బల్లకి నేను చేరాను. మావయ్య కూడా చేరాడు. గెలిచిన ఒక్కరికే అస్తానాలో జాతీయ బల్ల దగ్గర కుర్చీ. ఆ కుర్చీ నాకు కావాలి. ఎంత కావాలంటే, వారం రోజులు నిద్రలో కూడా ముక్కలు కలుపుతున్నాను. దానం పెట్టిన కుర్చీ మాత్రం వద్దు.

మా దగ్గర ఇంకో ఆచారం ఉంది. మేనమామ దగ్గర మేనకోడలికి మూడు కోరికల హక్కు. అడిగింది ఆయన కాదనకూడదు. ఏడేళ్ళప్పుడు చెవి తెల్లగా ఉన్న గొర్రెపిల్లని అడిగాను. ఇరవై ఆరేళ్ళప్పుడు, బస్సులో ఎవరో మరిచిపోయిన ముక్కల పెట్టె చూసి "ఈ ఆట నాకూ నేర్పు" అని అడిగాను. మూడోది దాచుకున్నాను. ఇల్లు కట్టేటప్పుడు అడగమని అమ్మ పోరేది.

ఫైనల్ రోజు మధ్యాహ్నం దుకాణం కిక్కిరిసిపోయింది. బల్ల చుట్టూ నేను, నా ఎడమ పక్క గెర్మాన్ పాక్, ఆ పక్క మావయ్య, ఆ పక్క మందుల షాపు జౌరె. వంతులు కూడా ఆ వరసలోనే. పాక్ వంతెనలకి లెక్కలు వేసే ఇంజనీరు, ఆటని కూడా అలాగే ఆడతాడు, మొహంలో ఉలుకూ పలుకూ ఉండదు. జౌరె మాత్రం నోరు మూసుకోదు.

"ఏం రౌషన్, మీ మావయ్యకి టీలో మత్తు కలిపి తెచ్చావా, లేక ఊరికే మేనకోడలి మొహం చూపిస్తే చాలా?"

"నీ ప్రాణాలు చూసుకో జౌరె. పన్నెండే ఉన్నాయి."

"నా పన్నెండూ నేను సంపాదించుకున్నవి."

మావయ్య తలెత్తలేదు. "ఆడండమ్మా, ఆడండి. టీ చల్లారిపోతోంది."

కాసేపటికి జౌరె ప్రాణాలు అయిపోయి లేచింది, లేచేముందు మావయ్యని కరిచే లేచింది. ఆయనకి మూడు ప్రాణాలు మిగిలాయి. కానీ ఆయన ముందు మదపు ఒంటె నిలువుగా నిలబడి ఉంది. బలం పదకొండు. చలికాలంలో మదమెక్కిన మగ ఒంటె ఎలా ఉంటుందో మా ఊళ్ళో ఎవరికీ చెప్పక్కర్లేదు, నోట్లో నురగతో మనిషిని తొక్కి పచ్చడి చేస్తుంది. అది కాపలా ఉండగా ఆ మూడు ప్రాణాల జోలికి ఎవరూ వెళ్ళలేదు.

నా వంతు వచ్చింది. పాక్‌కి ముప్ఫై ప్రాణాలున్నాయి, ముందు కాపలా లేదు. నా మృగాలన్నిటినీ ఒకేసారి అతనిమీదకి తోలాను. పదహారు బలం. అతను పద్నాలుగుకి పడ్డాడు. ఇంకొక్క చుట్టు బతికితే చాలు, మళ్ళీ పదహారు, కుర్చీ నాది. నాకు తొమ్మిది ప్రాణాలు, నా మందంతా అడ్డంగా పడి ఉంది. రెండు చుట్ల నుంచీ ఇలాగే తోలుతున్నాను. మందని అంతగా తోలకూడదని మావయ్యే నేర్పాడు, ఎందుకంటే జుత్ అనే ముక్క ఒకటుంది. గడ్డిమీద మంచు గడ్డకట్టి మందలకి మందలు చచ్చిపోయే ఆ చలికరువు పేరే దానిది. తన వంతులో దాన్ని ఎవరిమీద వేస్తే వాళ్ళ అడ్డం మృగాలన్నీ చస్తాయి, వాటికెంత బలముంటే అన్ని ప్రాణాలు పోతాయి. కానీ ఆ రోజు ఎవరూ దాన్ని బయటికి తియ్యలేదు. తెగించాను.

పాక్ తన వంతులో ఒక్క ముక్క తీసి మెల్లిగా బల్లమీద పెట్టాడు. కళ్ళెం. ఎదుటివాళ్ళ మృగం ఒకదాన్ని లాక్కునే ముక్క.

"ఒంటె నాది" అన్నాడు.

మావయ్య ఒంటెని అతని ముందుకి జరిపాడు. ఇప్పుడాయన ముందు కాపలా లేదు, మూడే ప్రాణాలు. గాలి ఊదితే పడిపోతాడు. వెనకనుంచి ఎవరో "ముసలాయన పని అయిపోయింది" అన్నారు.

నాకు మాత్రం అసలు సంగతి అర్థమైంది. పాక్ ఆయన్ని ముట్టుకోడు. ముట్టుకుంటే ఆయన లేచిపోతాడు, ఆయన లేస్తే ఒంటె కూడా ఆయనతోనే పోతుంది. ఒంటె ఉండాలంటే ఆయన బతికి ఉండాలి.

"ఒంటె పదకొండు, నా తోడేళ్ళు అయిదు" అని పాక్ మూడు ముక్కల్నీ అడ్డంగా తిప్పాడు. "అన్నీ రౌషన్ మీదకి."

పదహారు. నాకు తొమ్మిది. చేతిలో ఏ ముక్కా పనికొచ్చేది కాదు. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టు వాటినే తిరగేసి మరగేసి చూసుకున్నాను. అస్తానా, కుర్చీ, వారం రోజుల నిద్ర, అన్నీ ఆ అడ్డంగా తిరిగిన ఒంటె కాళ్ళకింద ఉన్నాయి.

అప్పుడు మావయ్య తన చేతిలో మిగిలిన రెండు ముక్కల్నీ బోర్లా పెట్టి, అరచెయ్యి తీసి కట్టమీద పెట్టాడు. ముప్ఫై ఏళ్ళు ట్రాలీబస్సు చక్రం తిప్పిన చెయ్యి, కొంచెమైనా కదలడంలేదు.

"లజ్జత్, నడుం నొప్పిగా ఉందమ్మా. ఇప్పుడు లేవచ్చా?"

అందరికీ అరటిపండు ఒలిచి చేతిలో పెట్టినట్టు అర్థమైంది. ఆయన ఇప్పుడు లేస్తే దాడి మధ్యలోనే ఒంటె మాయమవుతుంది. మిగిలేవి అయిదు బలం తోడేళ్ళు. నేను నాలుగు ప్రాణాలతో బతుకుతాను. తరవాత నా వంతు, పాక్‌కి పద్నాలుగు, నా దగ్గర పదహారు.

మొదటిసారి పాక్ గొంతు పెరిగింది. "ఇదేం న్యాయం? దాడి మధ్యలో లేవడమేంటి? వీళ్ళిద్దరూ ఒకింటి వాళ్ళు!"

"ముందే మాట్లాడుకున్నారా?" లజ్జత్ అక్క నన్ను చూసి అడిగింది. "మాట్లాడుకుని ఉంటే ఇద్దర్నీ ఇప్పుడే పంపేస్తాను."

"ఒట్టు అక్కా. ఒక్క మాట లేదు."

"నాదీ అదే మాట" అన్నాడు మావయ్య.

ఆవిడ నియమాల పుస్తకం తిరగేసింది. ఆ పేజీ చప్పుడు నాకు ఇప్పటికీ వినిపిస్తుంది. "ఎవరైనా ఎప్పుడైనా లేవచ్చు. అలాగే ఉంది. నేను ఆపలేను గెర్మాన్."

జౌరె మాత్రం ఆగలేకపోయింది. "ఇంకేం, మేనమామ పెట్టిన కుర్చీ! అస్తానాకి ఆయన్ని కూడా తీసుకెళ్ళు, అక్కడ కూడా లేచి నిలబడతాడు."

మావయ్య నావైపు చూశాడు. గొర్రెపిల్లని నా చేతుల్లో పెట్టినప్పుడు చూసిన చూపే. ఆయన్ని చూస్తే ప్రేమ పొంగుకొచ్చింది, అంతకంటే ఎక్కువగా కోపం పొంగుకొచ్చింది. ముప్ఫై ఎనిమిదేళ్ళ ఆడదాన్ని ఇంకా చంకనేసుకుని మోస్తున్నాడు ఈ మనిషి. నేను నోరు తెరవకపోతే చాలు, అస్తానా నాది. నిజం చెప్తున్నాను, తెరవకుండా ఉందామనే అనుకున్నాను.

"మావయ్యా, నాకింకా ఒక కోరిక మిగిలింది."

ఆయన మొహం వెలిగింది. లేవమని అడుగుతాననుకున్నాడు. "అడుగు తల్లీ."

"లేవకు. కూర్చుని నీ ఆట నువ్వు ఆడు. నన్ను కాపాడడానికి కాదు, గెలవడానికి ఆడు."

"పిచ్చిదానా, ఇల్లు కట్టేటప్పటికి దాచుకోమని మీ అమ్మ..."

"ఇల్లు నేను కట్టుకుంటాను. అడిగాను. కాదనకూడదు."

ఆయన కట్టమీంచి చెయ్యి తీసి, బోర్లించిన రెండు ముక్కల్నీ మళ్ళీ చేతిలోకి తీసుకున్నాడు.

"తన గొయ్యి తనే తవ్వుకుంది" అని వెనక ఎవరో గొణిగారు. పాక్ నన్ను కొత్త మనిషిని చూసినట్టు చూసి, చిన్నగా తల వంచాడు. ఒంటె నన్ను తొక్కింది. నా ముక్కలన్నీ ఏరుకుని లేచాను. పక్కనున్నవాళ్ళు ఇచ్చిన బౌర్సాక్, నూనెలో వేయించిన పిండి ఉండ, నోట్లో పెట్టుకున్నాను, నమలడం చేతకాలేదు.

బల్లమీద ఇద్దరే. మూడు ప్రాణాల ముసలాయన, పద్నాలుగు ప్రాణాల ఇంజనీరు. మావయ్య వంతు. కొత్త ముక్క తీసుకున్నాడు, దానివైపు చూడనైనా చూడలేదు. ఇందాక బోర్లించిన రెండింటిలో ఒకటి తీసి పాక్ ముందు పెట్టాడు.

జుత్.

పాక్ ముందు అడ్డంగా పడి ఉన్నవి: ఒంటె పదకొండు, తోడేళ్ళు అయిదు. మొత్తం పదహారు. పద్నాలుగు ప్రాణాలకి అవి ఎక్కువే.

అరుపులతో నేలమాళిగ పైకప్పు ఎగిరిపోతుందనుకున్నాను. పాక్ ఆ ముక్కనే చూస్తూ కూర్చున్నాడు. "ఎప్పటినుంచి ఉందిది మీ దగ్గర?"

"చాలాసేపటినుంచి" అన్నాడు మావయ్య, నేలచూపు చూస్తూ.

"అలా కుదరదే! రెండు చుట్ల క్రితమే ఈవిడ మంద మొత్తం అడ్డంగా పడి ఉంది. జుత్ చేతిలో ఉన్నవాడు అప్పుడే వేసి ఈవిణ్ణి లేపేసేవాడు. మీరు వెయ్యలేదు. వెయ్యలేదంటే లేదని లెక్క. ఆ లెక్కమీదే నేను అన్నీ తోలాను."

"లెక్క తప్పు కాదు బాబూ" అన్నాడు మావయ్య. "అది మేనకోడలు. అదొక్కటే నీ లెక్కలో లేదు."

పాక్ నవ్వేశాడు, పన్నెండేళ్ళలో అతని పళ్ళు నేను చూడడం అదే మొదలు. "ఆ నమ్మకం సంగతి నాకూ తెలుసు. ఫైనల్లో కూడా పాటిస్తారనుకోలేదు."

నాకు నవ్వు రాలేదు. అంటే రెండు చుట్ల క్రితమే నేను చచ్చాను. ఆ తరవాత నేను వేసిన ప్రతి ఎత్తూ, పాక్‌ని పద్నాలుగుకి దించిన ఆ గొప్ప దాడితో సహా, ఆయన ఊరుకున్నాడు కాబట్టి వేశాను. పైగా గెలిపించే ముక్క చేతిలో పెట్టుకుని నాకోసం లేచి వెళ్ళిపోబోయాడు. అందరూ ఆయన్ని కౌగిలించుకుంటుంటే నేను నిలబడి ఆ బల్లనే చూశాను.

జనం పలచబడ్డాక ఆయన్ని నిలదీశాను. "కుర్చీ పోయినందుకు కాదు మావయ్యా నా బాధ. నువ్వు నన్ను మనిషిగా లెక్కవెయ్యలేదు, అందుకు."

"తప్పేనే అమ్మడూ. భయం." ఆయన తన చేతుల్ని చూసుకున్నాడు. "మా అన్న చెయ్యి చూశాగా. మీ పెద్దక్కని ఒక్కటి వేశాడు, చచ్చేదాకా గిన్నె పట్టుకోలేకపోయాడు."

"పెదమావయ్యకి తాగుడువల్ల వచ్చింది."

"ఏమో. నాకైతే ఇంకోలా చెప్పారు."

లజ్జత్ అక్క కొత్తగా టీ పోసి తెచ్చింది. నేను ఖాళీ బల్ల దగ్గర కూర్చుని నా కట్ట కలపడం మొదలుపెట్టాను. "రా. ఒక్క ఆట. నా కోరికలు మూడూ అయిపోయాయి, ఇక నీ దగ్గర నాకే హక్కూ లేదు. ఎవరో పరాయిదాన్ననుకో."

ఆయన వచ్చి కూర్చున్నాడు. పాక్ అడక్కుండానే మూడో కుర్చీ లాక్కున్నాడు, జౌరె నాలుగోది లాక్కుంది, నోరు మాత్రం ఎత్తలేదు. అయిదో చుట్టులో మదపు ఒంటె బల్లమీదకి వచ్చింది. ఆరో చుట్టులో మావయ్య దానిమీద వేలు పెట్టి ఆగిపోయాడు. మా ముగ్గురి ముందూ కాపలా లేదు.

"ఎవరిమీదకి?" అంది జౌరె.

ఆయన నన్ను చూడలేదు. గొంతు సవరించుకున్నాడు, నేను "వంతు అయింది" అనే మాటకోసం ఎదురుచూశాను, ఆ మాట రాలేదు. ముక్కని అడ్డంగా తిప్పి నావైపుకి తోశాడు. చెయ్యి వణుకుతోంది, గడగడా, టీకప్పుకి తగిలి టీ బల్లమీద ఒలికింది.

నలభైలోంచి పదకొండు ప్రాణాలు తీసి పక్కన పెట్టాను. పన్నెండేళ్ళలో ఏ గెలుపుకీ నాకంత సంతోషం కలగలేదు.