వెనక నుంచి పిలవని పేరు

నిన్నటికన్నా ఈ పొద్దున డేరా ఆరు బారలు పొడుగయింది. సిపాయి మద్దిలేటి చుట్టూ తిరిగి చూస్తాడు. తాళ్ళు ఎవరూ విప్పలేదు, మేకులు ఎవరూ పీకలేదు. వాన పడ్డాక సద్దచేను పెరిగినట్టు గుడ్డే పెరిగింది. అతను లాఠీ చంకన పెట్టుకొని లోపలికి వెళ్ళి తన చోట నిలబడతాడు.

ఇది కొరియా. యుద్ధం ఆగిపోయింది. పట్టుబడిన సైనికులు ఒక్కొక్కరే ఈ డేరాలోకి వస్తారు. బల్ల దగ్గర వాళ్ళ దేశం మనిషి కూచొని ఇంటికి రమ్మని చెబుతాడు. విన్నాక ఖైదీ లేచి రెండు గుమ్మాల్లో ఒకదాంట్లోంచి బయటికి పోవాలి. ఎడమది ఉత్తరానికి, సొంతూరికి. కుడిది దక్షిణానికి, అమెరికా వాళ్ళు కాపున్న వైపుకి. ఒకసారి దాటితే మళ్ళీ వెనక్కి రావడానికి లేదు.

కాపలాకొచ్చిన ఇండియా సిపాయిలు ఎవరి పక్షమూ కాదు గనుక నోరు విప్పకూడదు. మద్దిలేటికి అదేమీ కష్టం కాదు. కర్నూలు జిల్లాలో, వాళ్ళ ఊళ్ళో ఉన్నప్పుడు కూడా అతను రోజుకు నాలుగు మాటలకు మించి ఆడి ఎరగడు.

ఈ రోజు ఖైదీ గిల్సు వంతు.

మూడు నెలలుగా గిల్సూ మద్దిలేటీ ముళ్ళకంచెకు చెరోపక్క కూచొని ఒకే బీడీ కాల్చారు. ఇద్దరివీ సేద్యగాళ్ళ చేతులే. గిల్సు మట్టిలో పుల్లతో తన ఊరు గీసి చూపించేవాడు. మొక్కజొన్న చేను, బావి, వాకిట్లో ముసలి తల్లి. ఆమెకు ఇతను తప్ప ఎవరూ లేరు. ఉత్తరం గుమ్మం తొక్కితే చంపుతామని తోటి ఖైదీలు కొందరు బెదిరించారు. అయినా గిల్సు ఎడమచెయ్యి ఎత్తి చూపించి నవ్వేవాడు. "అన్నా" అనేవాడు. అతనికి వచ్చిన తెలుగు అదొక్కటే.

బల్ల చివర అమెరికా మేజరు ఉన్నాడు, అన్నీ సక్రమంగా జరుగుతున్నాయో లేదో చూడడానికి. అతను కర్నూలు తెలుగు మాట్లాడతాడు. ఈ డేరాలోకి అడుగుపెడితే చాలు, ఎవరికైనా అదే వస్తుంది.

"కూచో గిల్సూ. శానా సేపేం పట్టదులే," అంటూ సొరుగులోంచి స్కేలు తీసి మ్యాపు మీద పెడతాడు. "దేశాన్ని రెండు జేసే గీత గియ్యనీకే మాకు అరగంట పట్టింది. మధ్యలో కాఫీ గూడా తాగితిమి."

"ఆ గీత పడింది మా చేని మీదనే దొరా."

"మ్యాపులో చేను కనపళ్ళేదప్పా."

"చేన్లోంచి మ్యాపు గూడా కనపళ్ళేదు."

మేజరు ఆ మాట న్యాయమేనన్నట్టు తలాడిస్తాడు. చెయ్యి ఊరికే ఉండక స్కేలును బొటనవేలంత జరుపుతాడు.

అంతే. రెండు గుమ్మాలూ ఆవులిస్తున్నట్టు సాగి, ఒకదాని చోటికి ఒకటి వచ్చి కూచుంటాయి. చప్పుడు లేదు. బల్ల దగ్గర ఒక్కరూ తల ఎత్తరు. మద్దిలేటికి మాత్రం గాలి చెబుతుంది. ఇప్పుడు కుడిపక్కనుంచి మంచు వాసన, ఎండు చొప్ప కాల్చిన పొగ. ఎడమపక్కనుంచి పెట్రోలు, డబ్బా మాంసం.

గిల్సు లేస్తాడు. బల్లకు వంగి దణ్ణం పెడతాడు. మద్దిలేటిని చూసి కళ్ళతోనే నవ్వి, ఎడమకు తిరిగి నడక మొదలుపెడతాడు.

డేరా ఇప్పుడు మైలు పొడుగుంది. అతను నడిచేకొద్దీ పక్క గుడ్డల్లో కిటికీలు తెరుచుకుంటాయి. ఒకదాంట్లో పొగ కక్కే నల్ల ఓడలు జపాను రేవుకు ఫిరంగులు గురిపెట్టి నిలబడి ఉన్నాయి. ఒకదాంట్లో చైనా కూలీలు అమెరికా కొండల్ని తొలిచి రైలుపట్టాలు పరుస్తున్నారు. ఆఖరి పట్టా పడగానే వాళ్ళ ముందు గేటు మూసుకుంటుంది. ఇంకోదాంట్లో జపాను ఊరి మీద బాంబు పేలిన తెల్లటి వెలుగు, రాతిమెట్ల మీద ఒక నీడ కూచొని ఉంది, మనిషి లేడు. గిల్సు ఒక్కో కిటికీ దగ్గర, తక్కువ ఎత్తు ద్వారబంధం దాటుతున్నట్టు తల వంచి సాగిపోతాడు.

మద్దిలేటి గొంతుదాకా పేరు వచ్చింది. ఒక్క కేక చాలు, గిల్సు ఆగుతాడు. కానీ బయలుదేరినవాణ్ణి వెనకనుంచి పిలవకూడదు. చిన్నప్పుడు నాయన కొర్ర విత్తనాలకు పోతుంటే "నాయనా" అని ఒకసారి పిలిచాడు. నాయన తిరిగొచ్చి, అరుగు మీద కాసేపు కూచొని, మళ్ళీ పోయాడు. ఆ ఏడు విత్తనం మొలవలేదు. అవ్వ చెంప పగలగొట్టింది. ఆ తర్వాత మద్దిలేటి ఎవరి వీపునూ పిలవలేదు.

ముందుకు పోయి ఎదురుగా నిలబడదామని కదులుతాడు. అతను ఒక అడుగు వేస్తే డేరా ఒక బార పెరుగుతుంది. పరుగెత్తితే పరుగెత్తినంత పెరుగుతుంది. గిల్సు వీపు చిన్నదైపోతుంది. దూరంగా ఎడమ గుమ్మం గుడ్డ లేస్తుంది, పడుతుంది.

మేజరు స్కేలు తుడుస్తున్నాడు.

"అది దచ్చిణం గుమ్మమని నీకు తెలుసు గదా. ఆర్డరుకు బయపడి ఊరుకుంటివా?"

"ఆర్డరు కాదు దొరా. పోయేటోన్ని ఎనకనుంచి పిలిస్తే పని చెడతాదని."

"మేం ఎవర్నీ ఎనకనుంచి పిలవలేదప్పా. ముందరికి పోయి, ఎదురుగ్గా నిలబడి పిలిచినాం. ఓడలేసుకొని, ఫిరంగులేసుకొని, తలుపు తీసేదాకా పిలిచినాం. నూరేండ్లయింది."

"పని చెడలేదా?"

మేజరు టోపీ తీసి ఒళ్ళో పెట్టుకుంటాడు. "ఎవరి పని?" అని అడుగుతాడు. మేజరు కళ్ళలోంచి పెన్సిలు పొడి రాలి మ్యాపు మీద పడుతుంది. పడిన చోటల్లా ఒక ఊరి పేరు చెరిగిపోతుంది. అతను ఊదుతాడు. ఊదేకొద్దీ పొడి ఇంకా పరుచుకుంటుంది.

అప్పుడు మద్దిలేటి గొంతులో నిలిచిపోయిన పిలుపు, కడుపులోని దూడలా కాళ్ళు తన్నుతుంది. ఎంతో కాలం పశువుల్లో బతికినవాడు, ఏం చెయ్యాలో అతనికి తెలుసు. మోకాళ్ళ మీద కూచొని నోరు తెరిచి, ముందుకాళ్ళు రెండూ పట్టుకొని మెల్లగా లాగుతాడు. పిలుపు తడితడిగా నేల మీద పడుతుంది. ఉన్ని జెర్సీ విప్పి దాన్ని తుడుస్తాడు, చెవుల్లో ఊదుతాడు. మూడోసారికి అది వణుకుతూ లేచి నిలబడుతుంది.

ఎడమవైపు అది చూడనే చూడదు. మంచు వాసన పట్టుకొని కుడి గుమ్మంలోంచి ఉత్తరానికి వెళ్ళిపోతుంది.

గుమ్మం అవతల, ఎంత దూరమో చెప్పలేం గానీ, గిల్సు మట్టిలో గీసి చూపించిన వాకిలి స్పష్టంగా కనిపిస్తుంది. పిలుపు అక్కడికి చేరి, మద్దిలేటి గొంతుతో, "గిల్సూ!" అంటుంది.

ముసలామె బయటికి వస్తుంది. కొడుకే వచ్చాడన్నట్టు రెండు చేతులతో దాని మొహం తడుముతుంది.

"ఇంతసేపు యాడుంటివిరా? ఎంత చిక్కిపోతివి," అంటుంది.

దాన్ని పొయ్యి పక్కన కూచోబెట్టి, గిన్నెలో అన్నం కలిపి, ముద్ద చేసి నోటికి అందిస్తుంది. డేరాలో నిలబడ్డ మద్దిలేటి దవడలు నమలడం మొదలుపెడతాయి. అన్నం వేడిగా ఉంది. నములుతున్నాడు గానీ మింగుడు పడడం లేదు. ముసలామె ఇంకో ముద్ద కలుపుతోంది.