ఎలుగుబంటికి అనువాదకుడు

ఫిజిక్స్‌లో బి.ఎస్సీ. చదివిన నేరానికి టెక్సస్‌లో మా ప్లేనో తెలుగు క్రైస్తవ సంఘం వాళ్లు ప్రొజెక్టర్ నాకు అప్పగించారు. 1983 ఫిబ్రవరి, ఆదివారం సాయంత్రం. అద్దెకు తీసుకున్న చర్చి హాల్లో పిల్లలు నేలమీద, పెద్దలు కుర్చీల్లో. లైబ్రరీ నుంచి తెచ్చిన కార్టూన్ రీలు ఎనిమిది నిమిషాలు. అది అయ్యాక సంఘం సెక్రటరీ, అంటే మా ఆయన సుందర్ రాజ్, దైవాశీర్వాదం గారికి ఒక మాట చెప్పాలి: వచ్చే నెల నుంచి ప్రసంగం ఇంగ్లీషులోనే, అనువాదం అక్కర్లేదు.

పాస్టరు ఇంగ్లీషులో ఒక వాక్యం అంటే, దైవాశీర్వాదం గారు పక్కన నిలబడి, అదే చెయ్యి ఎత్తి, తెలుగులో అంటారు. దాంతో ప్రసంగం రెండింతలవుతోందని పిల్లల ఫిర్యాదు. అందరికంటే గట్టిగా అన్నది మా ఎనిమిదేళ్ల విద్య. వారమంతా గోడౌన్‌లో ఒంటరిగా పనిచేసే దైవాశీర్వాదం గారికి నోరు విప్పే చోటు ఇంకొకటి లేదు. కమిటీ తీర్మానంలో ఆ సంగతి రాయలేదు.

లైటు ఆర్పారు. తెరమీద ఎలుగుబంటి తొట్టిలో నీళ్లు నింపుకుంటోంది. మూడు బాతులు కిటికీలోంచి తొంగిచూశాయి. నేను వాల్యూమ్ పూర్తిగా తగ్గించేశాను.

"సౌండు పోయినట్టుంది. అన్నయ్యగారూ, మీరు కాస్త చెబుదురూ," అన్నాను.

ఆ కార్టూన్‌లో దబ్బుమనే చప్పుళ్లే తప్ప మాటల్లేవు. ఆయనకది తెలియదు. అలవాటుకొద్దీ లేచి తెర పక్కన నిలబడ్డారు.

"ప్రియులారా, ఎలుగుబంటి స్నానమునకు సిద్ధపడెను."

పెద్దలు తలలూపారు. ఎలుగుబంటి సబ్బుమీద కాలేసింది. జారెను, అన్నారు. మళ్లీ జారెను. బాతులు బ్రష్షు లాక్కునేసరికి ఆయన గ్రాంథికం కూడా జారిపోయింది.

"ఇటివ్వండ్రా సన్నాసుల్లారా, వీపు దురదగా ఉంది!"

తొట్టి మెట్లమీంచి దొర్లి, ఆరేసిన దుప్పటిని తెరచాపలా తగిలించుకుని, నురగమీద తేలుతూ ఆకాశంలోకి లేచింది. దైవాశీర్వాదం గారి నీడ తెరమీద పడింది. ఎలుగుబంటి ఆ నీడ భుజం మీదుగా ఎగిరింది. బాతులు ఆయన వేళ్ల సందుల్లోంచి ఈదుకుపోయాయి. బుడగలు ఆయన తెల్లచొక్కా మీద పాకి గోడలెక్కాయి. హాలంతా నీలం. మా కుర్చీల కాళ్లు నేలకు ఆనుతున్నట్టు అనిపించలేదు.

"కింద ఇళ్లు చూడండి, అగ్గిపెట్టెలంత," అన్నారాయన నెమ్మదిగా. "వీడికి కోపం పోయింది. బాతులకి చోటిచ్చాడు."

రీలు అయిపోయి లైటు వెలిగింది. సుందర్ రాజ్ గొంతు సవరించుకుంటూ లేచారు. అప్పటికే విద్య వెళ్లి దైవాశీర్వాదం గారి చొక్కా చెయ్యి పట్టుకుంది.

"అంకుల్, మల్లీ చెప్పు. బేర్ లాస్ట్‌లో ఏమన్నాడు?"

మిగతా పిల్లలూ ఆయన చుట్టూ మూగారు. నేను రీలు వెనక్కి చుడుతుంటే మా ఆయన పక్కకొచ్చి గొంతు తగ్గించారు.

"ఇప్పుడీయనకి ఎలా చెప్పను?"

"ఇంగ్లీషులో చెప్పండి. ఆయనే తెలుగు చేస్తారు."

రీలు మళ్లీ ఎక్కించమని ప్రొజెక్టర్ వైపు చెయ్యి చూపారు. తర్వాత వెళ్లి లైటు ఆర్పేశారు.

ఆ ఏడాది ఈస్టర్ ప్రసంగం గంటా నలభై నిమిషాలు.