మోకాలి ఆసరా

నేను ఒక వంటింటి బల్లను. మాది ఇజ్రాయెల్‌లో హైఫా. నన్ను చేసిన వడ్రంగి మంచివాడే గానీ, ఆ రోజు ధ్యాస ఎక్కడ పెట్టాడో, నా కాళ్లలో ఒకటి వీసమెత్తు పొట్టిదైంది. అందుకే ఎవరూ కొనలేదు. చివరికి సినిమావాళ్లు తీసుకెళ్లారు.

అదొక హీబ్రూ సినిమా. కొత్తగా పెళ్లైన జంట నా ముందు కూర్చుని కాఫీ తాగుతారు, పోట్లాడుకుంటారు, చివర్లో విడిపోతారు. భార్య వేషం నురిత్‌ది, భర్త వేషం మెనాషెది. నేను కుంటినప్పుడల్లా నురిత్ కప్పు తొణికేది. మెనాషె ఎవరికీ చెప్పకుండా, పొట్టికాలి పక్కన మోకాలెత్తి నా పలకను కింది నుంచి ఆపి కూర్చునేవాడు. ఈ సంగతి కెమెరాకు తెలియదు. నురిత్‌కు తెలుసు. ఆ ఏడాదే అతన్ని నిజంగా పెళ్లి చేసుకుంది. కొన్నాళ్లకు నిజంగానే విడిపోయారు కూడా. మనుషులకు నటించింది చాలదు కాబోలు, బతికి కూడా చూడాలి.

నేను ఏళ్ల తరబడి గోదాములో దుమ్ము కొట్టుకుపోయాను. ఇంతలో సినిమాలోని ఆ జంట తర్వాత ఏమయ్యారో చెప్పాలని దర్శకురాలు తిమ్నాకు బుద్ధి పుట్టింది. రెండో భాగంలో ఇద్దరూ నడివయసులో మళ్లీ కలుసుకుంటారట. నిజజీవితంలో ఒకరితో ఒకరు మాట్లాడుకోని ఆ నటులిద్దరూ ఒప్పుకున్నారు గానీ, నురిత్ ముందే చెప్పేసింది.

"మొదటి రోజు చూస్తాను తిమ్నా. అతని ఎదురుగా కూర్చోలేకపోతే వెళ్లిపోతాను. ఏమీ అనుకోకు."

ఆమె వెళ్లిపోతే ఇక సినిమా లేదు. తీరా చూస్తే మొదటి రోజు తీసేది కథలో ఆఖరి ఘట్టం, ఇద్దరూ కలిసిపోయేది. సినిమావాళ్లంతే, ముందు పెరుగన్నం తినేసి తర్వాత పప్పు కలుపుకునే రకం. దానికి తోడు కళాదర్శకుడు నా పొట్టికాలికి చెక్కబిళ్ల కొట్టించాడు. పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి కుదురుగా నిలబడ్డాను.

ఇద్దరూ కూర్చున్నారు. నురిత్ తన మాటలు అప్పజెప్పిందే తప్ప అతని ముఖం చూడలేదు. తిమ్నా ఆపింది. మళ్లీ తీసినా అదే తంతు. నురిత్ కప్పు పక్కన పెట్టి, వెళ్లిపోవడానికి కుర్చీ వెనక్కి జరిపింది. అప్పుడు నా కిందికి చూసి ఆగిపోయింది.

"దాని కాలు బాగుచేశారుగా మెనాషె. ఇంకా ఎందుకు మోస్తున్నావు?"

మెనాషె పైకి లేచి ఉన్న తన మోకాలు చూసుకుని సిగ్గుపడ్డాడు. "నీ చేతిలో కప్పు చూసి దానంతటదే లేచినట్టుంది. నేను చూసుకోలేదు."

నురిత్ కుర్చీ మెల్లగా ముందుకు జరుపుకుంది.

"ఇంకోసారి తీద్దాం తిమ్నా."

ఈసారి అతని ముఖం చూసింది. నాకు ప్రాణం లేచొచ్చింది.

సినిమా ఎంతకాలం ఆడిందో నాకు తెలియదు, బల్లలకు టికెట్లు ఇవ్వరు. షూటింగ్ అయ్యాక నురిత్ తిమ్నాను అడిగి మరీ నన్ను ఇంటికి తెచ్చుకుంది. వంటింట్లో దింపించగానే పట్టకారు తెచ్చి, కాలికున్న బిళ్ల ఊడబెరికింది. నేను మళ్లీ కుంటిదాన్నయ్యాను.

శుక్రవారం పొద్దు గుంకే ముందు ఆమె నా మీద యూదుల విశ్రాంతిరోజైన సబ్బాతుకు దీపాలు వెలిగిస్తుంది. అవి కాస్తయినా కదలవు. ఎదురు కుర్చీలో మెనాషె కూర్చుని ఉంటాడు, మోకాలెత్తి.