కుండ గుర్తుకి బొట్టు

నోరు మంచిదైతే ఊరు మంచిది అంటారు. కస్తూరమ్మ నోరు మంచిదే. ఆ మంచి నోరే ఆమె కొంప ముంచింది.

హిందీవాళ్ల ఊరు గోవింద్‌పూర్ శివార్లలో, ట్రక్కుల కార్ఖానా దాటాక, తెలుగువాళ్ల బస్తీ ఒకటుంది. పంచాయతీ మంచినీళ్ల పైపు పెద్దరోడ్డు వెంట వచ్చి సరిగ్గా ఆ బస్తీ మలుపు దగ్గర ఆగిపోయింది. ఎందుకాగిందని అడిగితే వార్డు సభ్యుడు సౌరభ్ "హోగా, హోగా" అనేవాడు. ఆ 'అవుతుంది' ఐదేళ్లయినా అవలేదు. అవతలి వీధివాళ్లు పట్టుకున్నాక మిగిలిన నీళ్ల కోసం బస్తీ ఆడవాళ్లు బిందెలతో మలుపు దగ్గర పడిగాపులు పడుతూనే ఉన్నారు. ఒళ్లు మండి కస్తూరమ్మ వార్డుకి నిలబడింది. గెలిస్తే పైపు మలుపు తిరుగుతుంది. ఆమెకి కావలసిందంతా అదే. గుర్తు కూడా కుండే వచ్చింది.

ప్రచారమంటే మైకులూ జీపులూ ఆమెకేం తెలుసు? పెళ్లికి పిలిచినట్టు పిలిచింది. కుంకుమ భరిణె పట్టుకుని గడపగడపకీ వెళ్లి, ఆడవాళ్లకి బొట్టు పెట్టి, "మర్సిపోకండమ్మా, మన కుండకి మీ సేత్తో ఓ బొట్టెట్టండి" అంది. ఓటు కాగితం మీది కుండ గుర్తుకి ముద్ర వెయ్యమనడం ఆమె ఉద్దేశం. ముద్ర అంటే సర్కారు మాటలా ఉంటుందనీ, బొట్టంటే ఇంటి మాటలా ఉంటుందనీ అలా అంది. తన తెలివికి తానే మురిసిపోయింది కూడా.

పోలింగు నాడు బస్తీ ఆడవాళ్లు తలంట్లు పోసుకుని మరీ వెళ్లారు. కుండ మీద ముద్ర శుభ్రంగా వేశారు. వేసి ఊరుకోవచ్చు కదా! ఊరుకోలేదు. పందొమ్మిది మంది ఉంగరపు వేలితో నుదుటి కుంకుమ తీసి కుండకి బొట్టు కూడా పెట్టారు. బొట్టు పెట్టమని బొట్టు పెట్టి మరీ చెప్పాక, పెట్టకుండా వస్తే బాగుంటుందా? లెక్కింపులో ఆ ఓట్లన్నీ పక్కన పడేశారు. వేసిందెవరో తెలిసేలా ఆనవాలు పెడితే ఓటు చెల్లదట. సౌరభ్ ఆరు ఓట్లతో మళ్లీ గెలిచాడు.

ముద్ర సరిగ్గానే పడింది కదా, పక్కన ఎరుపుంటే వచ్చిన నష్టమేమిటని కస్తూరమ్మ కోర్టుకెక్కింది. వకీలు హరిప్రసాద్ హిందీవాడు, మంచివాడు. ఎవరి చేతి కుంకుమో పొరపాటున అంటిందని వాదిస్తానన్నాడు. కేసు నిలుస్తుందని కూడా అన్నాడు. అంత భరోసా ఇచ్చిన మనిషి దగ్గర దాపరికమెందుకని ఆమె బొట్టు సంగతి పూసగుచ్చినట్టు చెప్పేసింది. ఆయన ముఖం వాడిపోయింది.

"యే బాత్ కోర్ట్ మే మత్ బోలియే," అన్నాడు. కోర్టులో ఆ మాట ఎందుకు ఎత్తకూడదో విడమరిచి చెప్పాడు. పొరపాటున అంటిందంటే ఓట్లు బతుకుతాయి. కావాలని పెట్టారంటే చస్తాయి. పైగా అభ్యర్థే పెట్టమందని తేలితే, ఎవరు వేశారో కనిపెట్టడానికి ఆమే పన్నిన ఎత్తు అంటారు.

కస్తూరమ్మ లబోదిబోమంది. తమ భాషలో అదొక మాట వరస అని తనకొచ్చిన హిందీలో మొత్తుకుంది. అది నిరూపించడానికి సాక్షి ఎవరని హరిప్రసాద్ అడిగాడు. సాక్షులందరూ బొట్టు పెట్టినవాళ్లే. ముందు నుయ్యి, వెనక గొయ్యి.

అవతలివాళ్లు చేతులు కట్టుకుని కూర్చోరు కదా. వరహాలుని సాక్ష్యానికి పిలిపించారు. బస్తీలో అందరికన్నా పెద్ద ముత్తైదువ ఆమె. కుండకి ఎంత చక్కగా బొట్టు పెట్టిందో మలుపు దగ్గర బిందె దించి నలుగురికీ చెప్పుకున్న మనిషి. తనను పిలిపించింది సౌరభ్ వకీలని ఎంత చెప్పినా ఆమె బుర్రకెక్కలేదు. కస్తూరి కేసు, కాబట్టి తను కస్తూరి తరఫు సాక్షి.

ఇద్దరూ ఒకే ఆటోలో వెళ్లారు. నాకేం తెలీదని చెప్పు పెద్దమ్మా అన్న మాట కస్తూరమ్మ గొంతు దాకా వచ్చింది.

"పెద్దమ్మా..." అంది.

"బయమేటికే అమ్మీ? నాను సెప్తాను కదేటి," అంది వరహాలు. పెట్టెలోంచి తీసిన చీర కట్టుకుంది. నుదుట రూపాయంత బొట్టు పెట్టుకుంది. ఆ బొట్టుని చూస్తూ అబద్ధమాడమని అడగడానికి కస్తూరమ్మకి నోరు రాలేదు.

కోర్టులో సౌరభ్ వకీలు ఎంతో మర్యాదగా, మాతాజీ, కుండ మీద ఎర్రగా పెట్టిందేమిటని హిందీలో అడిగాడు.

"టీకా," అంది వరహాలు. బొట్టుకి ఆమెకొచ్చిన హిందీ మాట అది.

ఎవరు పెట్టమన్నారు?

వరహాలు వెనక్కి తిరిగి, కస్తూరమ్మని చూసి నవ్వి, చెయ్యి చాపి చూపించింది. "హమారా కస్తూరీ బోలా. ఘర్ ఘర్ ఆయా, టీకా లగాకే బోలా." మా కస్తూరే చెప్పింది, ఇంటింటికీ వచ్చి బొట్టు పెట్టి మరీ చెప్పింది అని.

హరిప్రసాద్ లేచాడు. తన కాగితాలు మూసేసి కూర్చున్నాడు. ఓరి నాయనలారా, బొట్టంటే ముద్రరా అని అరవాలనిపించింది కస్తూరమ్మకి. అరిస్తే తెలుగులోనే అరవాలి. వినేవాళ్లలో తెలుగొచ్చిన ఒక్క మనిషీ ఆ బోనులోనే ఉంది. తీర్పు పై వాయిదాకి అన్నారు గానీ, బయటికొచ్చాక హరిప్రసాద్ ఆమె కళ్లలోకి చూడలేదు.

"బాగా సెప్పినానేటే?" అంది వరహాలు ఆటో ఎక్కుతూ.

"బాగా సెప్పినావు పెద్దమ్మా."

"ఇంకేటి మరి, గెల్సీసినట్టే!"

కస్తూరమ్మ కొంగుతో ముఖం తుడుచుకుంది. ఏడుపొస్తోంది, కోపమూ వస్తోంది. ఎవరి మీద చూపించాలి? ఈ పిచ్చితల్లి మీదా?

మలుపు దగ్గర ఆడవాళ్లు బిందెలతో నిలబడి ఉన్నారు. వరహాలు ఆటోలోంచి తల బయటికి పెట్టి, "ఓలమ్మో, నాను సెప్పీసినాను! పైపొచ్చేత్తాది!" అని కేకేసింది. బిందెలు వదిలేసి అందరూ ఆటోని చుట్టుముట్టారు.

"నిజమేనేటి కస్తూరీ? ఎప్పుడొత్తాది?"

కస్తూరమ్మ వాళ్ల ముఖాల్లోకి చూసింది. ఒక్కొక్క నుదుటా బొట్టు.

"హోగా," అంది. "హోగా."