నేలత్త నేర్చిన మాట

నేలత్త మీద నాకు మొదటి నుంచీ నమ్మకం లేదు. మేం ఈ కొత్త లోకంలో దిగి పదేళ్ళయింది, అయినా కుదరలేదు. నేల కింద ఊరు ఊరంతా అల్లుకున్న తెల్లటి బూజు అది. దానికి బుద్ధి ఉందని, ఎవరు ఎటు అడుగు వేసినా దానికి తెలుస్తుందని కనిపెట్టింది పెట్టెల పంతులు. దాని దారాలకు తీగలు కలిపి, ఇంటింటి వంటగదిలోనూ ఒక మాటల పెట్టె బిగించాడు. మన మాటలు వినీ వినీ అది మాట్లాడటం నేర్చుకుంది. ఎవరెప్పుడు లేచారో, ఎవరెటు తిరిగారో అన్నీ దానికే కావాలి కాబట్టి ఊళ్ళోవాళ్ళు నేలత్త అని పేరు పెట్టారు. నాకు అసలు అత్తగారు ఇంట్లోనే ఉన్నారు. రెండో అత్త ఎందుకో నాకు అర్థం కాలేదు.

పైగా అది ఏం తిని బతుకుతుంది? కుళ్ళిన ఆకు, కుళ్ళిన కర్ర, చచ్చిన ప్రాణి. ఆ సంగతి మాత్రం ఎవరూ ఎత్తరు.

మా ఆయన పైపుల మేస్త్రి. మూడు రోజుల కిందట నీళ్ళ సొరంగంలోకి మరమ్మతుకు వెళ్ళాడు. వెనకాల పైకప్పు కూలింది. ఆయన సంచిలో ఉన్నవి నాలుగు రోజులకి సరిపడా నీళ్ళే. సొరంగానికి రెండు మూతులు. మా ఇంటి వైపు తూర్పు మూతి, కొండ అవతల ఎప్పుడో రాళ్ళతో మూసేసిన పడమటి మూతి. పారలతో తూర్పు మూతి దగ్గర చేరిన జనాన్ని పంతులు ఆపాడు. "నేలత్త వస్తున్నాడంటోంది. పక్కదారి పట్టుకున్నాడు. తవ్వితే అదీ కూలుతుంది, ఆగండి" అన్నాడు. అందరూ పారలు పక్కన పెట్టి కూర్చున్నారు.

మూడు రోజులుగా గంటగంటకీ అడుగుతున్నాను. అదే జవాబు. "వస్తున్నాడు."

ఇంత దారికి మూడు రోజులా? మనల్ని ఇలా కూర్చోబెడితే దానికేం లాభమో నాకు తెలుసు. ఒక బకెట్టు సున్నం కలిపాను. సున్నం పడితే ఆ బూజు చస్తుంది. వంటగది మూల, దారాలు ముడిపడి పెట్టెలోకి ఎక్కే చోటికి బకెట్టు మోసుకొచ్చాను. అత్తయ్య కబురంపినట్టుంది, పంతులు పరుగెత్తుకొచ్చాడు.

"ఆ బకెట్టు కింద పెట్టమ్మా. ఆయన ఎక్కడున్నాడో తెలిసింది దానికొక్కదానికే."

"తెలుసు కాబట్టే పోస్తున్నా. ఎక్కడ దాచుకుందో దానికి కాక ఎవరికి తెలుస్తుంది?"

"అది అబద్ధం చెప్పదమ్మా."

"మీకు చెప్పిందా, అబద్ధం చెప్పనని?"

పంతులికి కోపం వచ్చింది. "నీకు చెప్పడం నా వల్ల కాదు. తూర్పు మూతి దగ్గరుంటా. వస్తానమ్మా" అని గిరుక్కున తిరిగి గడప దాటాడు.

"పంతులు వస్తున్నాడు" అంది పెట్టె.

నా ఒళ్ళు మండిపోయింది. "ఎక్కడొస్తున్నాడే, నీ మొహం! పోతుంటే!"

"పోతుంటే అనకే!" అత్తయ్య కసిరింది. "ఎన్నిసార్లు చెప్పాను? గడప దాటే మనిషిని పోతున్నాడనకూడదు, వస్తాననాలి."

బకెట్టు నా చేతిలోనే ఆగిపోయింది. ఈ ఇంట్లో పోతానన్న మాట ఎవరి నోటా రాదు, అత్తయ్య రానివ్వదు. పదేళ్ళుగా వీపు చూపించి వెళ్ళే ప్రతి మనిషీ "వస్తా" అనే వెళ్ళాడు. నేలత్త విన్నది అదే, నేర్చుకున్నది అదే.

"పంతులుగారూ! ఒక్కసారి వెనక్కి రండి!"

ఆయన విసుక్కుంటూ మెట్టెక్కాడు. పెట్టె గట్టిగా అరిచింది. "చెప్పులు బయటే విడవండి!"

అచ్చం నా గొంతు, నా చిరాకు. మా ఆయన ఇంటికి రాగానే నా నోట్లోంచి ఊడిపడే మొదటి మాట అది. ఇటు వచ్చే మనిషికి నేలత్త నేర్చుకున్న మాటా అదే. పంతులు కంగారుగా తన కాళ్ళవంక చూసుకున్నాడు.

"ఆయన ఇటు రావట్లేదు" అన్నాను. "మనకి దూరంగా నడుస్తున్నాడు. పడమటి మూతికి! అది మూసేసుంది!"

పంతులు మొహంలో నెత్తురు చుక్క లేదు. పారలు పట్టుకుని పడమటి మూతికి రమ్మని జనాన్ని కేకేస్తూ పరుగెత్తాడు.

నేను వెళ్ళలేదు. పెట్టె దగ్గర ఎవరో ఒకరుండాలి. అడుగుతూనే ఉన్నాను. "వస్తున్నాడు" అన్నప్పుడల్లా, ఇంకా నడుస్తున్నాడు కదా అని ప్రాణం కుదుటపడేది. రెండు సూర్యుళ్ళూ కొండ మీదికి వాలే వేళకి జవాబు ఆగిపోయింది. మళ్ళీ అడిగాను. ఉలుకూ లేదు, పలుకూ లేదు. దాన్ని నమ్మి మోసపోయాననుకున్నాను. నా చెయ్యి బకెట్టు మీదికి వెళ్ళింది. ఈసారి అత్తయ్య కూడా వద్దనలేదు.

"చెప్పులు బయటే విడవండి."

నేనూ అత్తయ్యా ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. కాసేపటికి అది మళ్ళీ అంది. అత్తయ్య నా భుజం పట్టుకుని ఏడ్చేసింది.

పడమటి మూతి తవ్వి, చీకటి పడకముందే ఆయన్ని తీసుకొచ్చారు. ఇద్దరి భుజాల మీద చేతులు వేసుకుని, మోకాళ్ళ దాకా బురదతో, తిన్నగా వంటగదిలోకే వచ్చాడు. నా బదులు పెట్టె గదమాయించింది.

"వంగలేనే" అన్నాడు ఆయన. "నువ్వే విప్పు."

కూర్చుని విప్పాను. బురదకి పట్టీలు బిగుసుకుపోయాయి. బయట పెట్టడానికి పంతులు చెయ్యి చాపాడు.

"ఉండనివ్వండి" అన్నాను. "ఇవాళ్టికి లోపలే ఉండనివ్వండి."