గురుతు కుర్చీ

ఆ ఇంట్లో దుమ్ము తుడవడం ఒక విద్య. పూలకుండీని ఎత్తకూడదు, చుట్టూ తుడవాలి. పరదా దులపొచ్చు గాని మడత చెదరకూడదు. బల్ల మీద కళ్ళజోడు ఎటు తిరిగి ఉంటే అటే ఉండాలి. భర్త కాలంలో వెనక్కి ప్రయాణమై వెళ్ళిన రోజున ఇల్లు ఆయన చూసి వెళ్ళినట్టే ఉండాలి, ఇంట్లో భార్యతో సహా. ఆ పని కాస్తా ముగించి, ఆమె అవే బట్టల్లో అదే కుర్చీలో గుమ్మం వైపు తిరిగి కూర్చుంది. కాలయాన విశ్వవిద్యాలయంలో దీన్ని గురుతు కూర్చోవడం అంటారు. వెళ్ళినవాడు ఎంత వెనక్కి వెళ్ళినా, ఇంట్లో కదలని మనిషి ఒకరుంటేనే దారి పట్టుకుని తిరిగి వస్తాడట. ఆ మనిషి లేస్తే ఏమవుతుందో ఏ పాఠంలోనూ రాయలేదు. ఇంతవరకూ ఎవరూ లేవలేదు మరి.

విద్యార్థులు ఆమెను కొట్టక్క అంటారు. విశ్వవిద్యాలయం గేటు పక్కనే, ఆమె కుర్చీలోంచి కనబడేంత దూరంలో, తండ్రి ఇచ్చిన బట్టల కొట్టు ఉంది. ఏ కాలానికి వెళ్ళేవాళ్ళకు ఆ కాలపు బట్ట, ఆ కాలపు కుట్టు. గడప ఎక్కిన మనిషి కొనే రకమో, తడిమి పోయే రకమో చూపుతోనే చెప్పేస్తుంది. పెళ్ళి విషయంలో మాత్రం సరుకు విప్పి చూడకుండానే మూట కట్టించుకుంది. ఆయన వెళ్ళిన ప్రతిసారీ కొట్టుకు తాళం. గిరాకీ వచ్చి, మూసిన తలుపులు చూసి, వెనక్కి పోవడం ఈ కుర్చీలోంచే చూస్తుంది. పిలవడానికి లేదు.

"కూర్చోవడమేగా, మూటలు మొయ్యమన్నామా?" అంటాడాయన. "మీ మామగారికి నేను కూర్చోలేదూ? నడుం పోయింది గాని నోరు విప్పానా?" అంటుంది అత్త. ఆయన తిరిగొచ్చినప్పుడల్లా సభ పెడతారు. ఒకసారి కులపతిగారు మైకు ముందుకొచ్చి, "వీరి ప్రతి విజయం వెనకా ఒక కుర్చీ ఉంది" అన్నారు. అందరూ నవ్వారు. కొట్టక్క కూడా నవ్వి, ఇంటికొచ్చాక లెక్క చూసుకుంది. కుర్చీ అన్నారు, కూర్చున్న మనిషి అనలేదు. పెట్టుబడి తన మధ్యాహ్నాలు. లాభం పంచేచోట మాత్రం తన పేరు లేదు. ఏ వ్యాపారంలోనైనా ఇలాంటి పొత్తును ఒక్క ఏడాదిలో తెంచుకునేది.

ఇవాళ పొద్దున ఆయన చొక్కా బొత్తాలు పెట్టుకుంటూ, "ఈసారి వచ్చాక కొట్టు ఎత్తేద్దాం. ఇకమీదట వరసగా ప్రయాణాలే. నువ్వు ఇంట్లోనే ఉండాలి కదా" అన్నాడు.

"అడుగుతున్నారా, చెప్తున్నారా?"

"ఇందులో అడగడానికేముంది?" అని వెళ్ళిపోయాడు.

అదే మాట నములుతూ కూర్చుంది. వీధిలో సైకిలు గంట ఏదో మోగబోయి సగంలో ఆగింది. ఊగుతున్న పరదా పక్కకు ఒరిగి, అలాగే నిలిచిపోయింది. చెప్పుల చప్పుడు లేకుండా తలుపు తెరుచుకుంది. ఆయనే వచ్చాడు.

అదే ముఖం. కాని కొట్టక్క కళ్ళు ముందు చొక్కా మీదకే పోయాయి. ఆ బట్ట తన కొట్టులో ఎప్పుడూ అమ్మలేదు. కుట్టు మాత్రం తనదే. అంచు దగ్గర దారం మలిచి ముడి దాచే పద్ధతి తండ్రి తనకొక్కదానికే నేర్పాడు.

అతను కుర్చీని చూసి గుమ్మంలోనే ఆగిపోయాడు. "నువ్వెందుకు కూర్చున్నావు?"

"మీకోసమే."

"కూర్చునేది నేను కదా. వెళ్ళేది నువ్వు." గోడలన్నీ ఓసారి చూసి గొంతు తగ్గించాడు. "మా ఇంట్లో అంతే. ఈసారి నువ్వు తిరిగి రాలేదు. చూసి చూసి లేచాను. వెతుక్కుంటూ వచ్చాను."

ఇతను తన ఆయన కాడు, ఇంకో దారిన నడిచిన కాలంలోంచి వచ్చాడని కొట్టక్కకు తెలిసింది. అయినా అడగాల్సింది అడిగింది. "ఆవిడ వెళ్ళే ముందు, మీ ఇంట్లోని నాతో ఏమన్నారు?"

"ఏమంటాను. నువ్వు వెళ్తూనే ఉంటావు కదా, ఇక కొట్టెందుకు, ఎత్తేద్దాం అన్నాను. నీ మంచికే."

కూర్చున్నా, తిరిగినా, ఎత్తేసేది కొట్టే. కొట్టక్కకు భయంలోనే నవ్వొచ్చింది.

"ఇంటికి పోదాం రా," అన్నాడు అతను. మెత్తగానే అన్నాడు. "నువ్వైనా పరవాలేదు."

ఆ మాట ఆమె రోజూ వినేదే. అడిగిన రకం లేనప్పుడు, పోనీ అదైనా ఇవ్వమని గిరాకీ అనే మాట. ఆమె అతని భుజం మీదుగా బయటికి చూసింది. వీధి తన వీధే. గేటు పక్కన కొట్టు తన కొట్టే. పొద్దున తాను తాళం వేసిన తలుపులు బార్లా తెరిచి ఉన్నాయి. లోపల ఎవరో ఆడమనిషి, వీపు ఇటు పెట్టి, తానులోంచి బట్ట లాగి కొలుస్తోంది. మోచెయ్యి ఎత్తే తీరు కొట్టక్కకు తెలుసు. అద్దంలో చూసుకోలేనంత దగ్గరగా తెలుసు. ఆవిడ, అతని భార్య, దారి తప్పలేదు. వెతుక్కుని మరీ ఇక్కడికే వచ్చింది.

అతను ఇంకా అటు తిరగలేదు.

"అంత దూరం నుంచి వచ్చారు, కాసేపు కూర్చోండి," అంది కొట్టక్క, కుర్చీలోంచి లేచి దాన్ని గోడ వైపు తిప్పుతూ. "మీకు అలవాటేగా."

అతను కూర్చున్నాడు. చేతులు మోకాళ్ళ మీద పెట్టుకుని, గోడ వైపు, కదలకుండా.

లోపలి గదిలోంచి అత్త గొంతు వినిపించింది. "కుర్చీ చప్పుడైంది. లేచావా ఏమిటి?"

"లేచానత్తయ్యా. మీ అబ్బాయి కూర్చున్నారు."

మంచం కిర్రుమంది. నడుం పట్టుకుని లేవబోయి, మళ్ళీ ఒరిగిన చప్పుడు.

"అయితే కదలొద్దని చెప్పి వెళ్ళు," అంది అత్త.