కారణం తెలియదనైనా రాయండి

ముప్పై ఒక్క ఫైళ్లు. అందరూ ఒకే బట్టల ఫ్యాక్టరీ వాళ్లు, ఒకే క్యాంటీన్‌లో ఒకే మధ్యాహ్నం తిన్నవాళ్లు. అన్ని ఫైళ్లలోనూ డాక్టరు రాసింది ఒకటే: వాంతులు, విరేచనాలు.

ఆ ఫైళ్లు ఆసుపత్రి కోడింగు గదిలో ఆమె బల్ల మీద పడ్డాయి. డాక్టరు రాసిన జబ్బు పేరును పట్టికలో వెతికి, దానికి తగిన కోడు కంప్యూటర్లో ఎక్కించడం ఆమె పని. గదిలో అందరూ ఆమెను సూది అంటారు. గుచ్చుతుందని.

వాంతులని ఎక్కిస్తే ఎవరికీ చీమ కుట్టినట్టయినా ఉండదు. ఆహార విషం అని ఎక్కిస్తే కంప్యూటరే ఆరోగ్య శాఖకు కబురు పంపుతుంది. వాళ్లొచ్చి వంటగదికి తాళం వేస్తారు. లేదంటే రేపు మధ్యాహ్నం అవే గిన్నెల్లోంచి పన్నెండు వందల మందికి వడ్డిస్తారు. ఇందులో లోతైన సంగతేమీ లేదు. రోగానికి పేరు పెట్టనంతకాలం యజమాని దృష్టిలో రోగమే లేదు.

సూపర్‌వైజరు వచ్చి ఆమె వెనక నిలబడ్డాడు.

"ఇంకా చూస్తావేంటమ్మా? వాంతులని కొట్టేసి పంపెయ్."

"ముప్పై ఒక్క మంది ఒకేసారి కక్కుకున్నారు. కూడబలుక్కున్నారంటారా సార్?"

"వెటకారం తగ్గించు. డాక్టరు రాయనిది మనం ఎక్కించకూడదు. ఇది రాయండని ఆయనకు మాట అందించడం కూడా తప్పే. రూలు తెలుసుగా?"

తెలుసు. నిజానికి మంచి రూలే. కానీ మంచి రూలును తలుపు గడియలా బిగించడం ఈయనకు వెన్నతో పెట్టిన విద్య. ఆ ఫ్యాక్టరీ తన మనుషులందరినీ ఈ ఆసుపత్రికే పంపుతుంది. ఆ పొత్తు చెడకూడదు, అదీ ఈయన ఏడుపు.

సూది రూలు ప్రకారమే డాక్టరుకు కాగితం పంపింది: "వీరి వాంతులకు మీ నిర్ధారణ ఏమిటి?" గంటకు జవాబొచ్చింది: "ల్యాబ్ రిపోర్టు రాలేదు. ఏ క్రిమో తెలియదు. తెలియనిది రాయలేను."

బాగా చదువుకున్నవాళ్లకే సాధ్యమయ్యే పొరపాటు ఇది. తెలియదని రాస్తే పరువు పోతుందనుకున్నాడు. పట్టికలో దానికీ ఒక కోడు ఉంది: ఏ జీరో ఫైవ్ పాయింట్ నైన్, కారణం తేలని ఆహార విషం. ఆ ముక్క ఈమె చెప్పకూడదు. చెబితే ఆ రాత చెల్లదు.

రోగి నోటికి మాత్రం ఏ రూలూ లేదు.

ఆ ముప్పై ఒక్కరిలో ఒకతి సూది ఆడపడుచే. సూది వెళ్లేసరికి వార్డులో మూడో మంచం మీద పడుకుని ఉంది. వేరు కాపురాలు పెట్టిన దగ్గర్నుంచి, నాలుగేళ్లుగా, ఇద్దరికీ మాటల్లేవు.

"ఏమే, చచ్చానో లేదో చూసిపోదామని వచ్చావా?"

"అంత అదృష్టమా నాకు! డాక్టరుకు ఏం తిన్నారో చెప్పారా వదినా?"

"అడిగితేగా! నాలుక చూపించమన్నాడు, చూపించా. ఆ నాలుకతోనే మాట్లాడతానని తెలీదేమో పాపం."

"మీ ఫైల్లో వాంతులు అని మాత్రమే ఉంది. అలాగే ఉంటే రేపు క్యాంటీన్ తెరుస్తారు."

వదిన మోచేతి మీద లేచింది. "తెరుస్తారా? మాంసం వాసనేస్తోందంటే, ఇంట్లో నువ్వు ఇంతకంటే ఏం తింటున్నావన్నాడే ఆ వంట మేస్త్రీ!"

"నాకు కాదు, డాక్టరుకు చెప్పండి."

"నువ్వు చెబితే చెయ్యాలా నేను? పెత్తనం! పో, ఆ గోడ దగ్గర నిలబడు."

సూది పోయి నిలబడింది. డాక్టరు వచ్చాడు, బాగా నలిగిపోయిన కుర్రాడు. వదిన సెలైన్ స్టాండు పట్టుకుని మంచం దిగి అతని దారికి అడ్డం నిలిచింది.

"మాకేమైంది బాబూ?"

"రిపోర్టు రావాలమ్మా. ఏ క్రిమో తేలాలి."

"దొంగ దొరికేదాకా దొంగతనం జరగలేదంటావా? ఒకే గిన్నెలోది తిన్నాం. మూడు గంటలకల్లా కూలబడ్డాం. ముట్టనివాళ్లు హాయిగా మిషన్లు తొక్కుకుంటున్నారు. ఏ క్రిమో తెలీకపోతే తెలీదనే రాయి. మేం విషం తిన్నామని మాకు తెలుసు!"

"రాయండి సార్!" అని అటు మంచాలవాళ్లు, ఇటు మంచాలవాళ్లు అరిచారు. ఒకావిడ కక్కుకుంటూనే అరిచింది.

డాక్టరు సూది వైపు చూశాడు. ఆమె పైకప్పు మీద పెచ్చులూడిన చోటును మహా శ్రద్ధగా చూస్తోంది. అతను కలం తీశాడు. ఆహార విషం, కారణం తెలియదు. ముప్పై ఒక్కసార్లు రాసి, ముప్పై ఒక్కసార్లు సంతకం పెట్టాడు.

ఫైళ్లు చూడగానే సూపర్‌వైజరు మొహం మాడిపోయింది. "ఎవరు రాయించారిది?"

"రోగులు చెప్పారు, డాక్టరు రాశారు. సంతకం ఉంది, టైము ఉంది."

"వాంతులనే ఎక్కించు."

"మీరే కూర్చుని ఎక్కించండి సార్. కింద మీ పేరు పడుతుంది." ఆమె కుర్చీ వెనక్కి జరిపింది.

ఆయన కుర్చీని చూశాడు, కంప్యూటర్ను చూశాడు. కూర్చోలేదు. సూది మళ్లీ కుర్చీ లాక్కుని ఒక్కొక్కటే ఎక్కించి పంపింది.

మర్నాడు పదకొండింటికల్లా క్యాంటీన్‌కు తాళం పడింది. పన్నెండింటికి సూదికి మెమో వచ్చింది: ఎవరి అనుమతితో వార్డుకు వెళ్లావు?

ఆమె దాని కిందే రాసింది: "మా వదినను చూడటానికి వెళ్లాను. ఆమె నన్ను తిట్టింది. ముప్పై మంది సాక్షులున్నారు."